చీఫ్ మేనేజరు నెత్తిమీద బల్లి

ఆ మంగళవారం పొద్దున ఎమోరి వేసుకున్న పథకం చాలా చిన్నది. తొమ్మిదింటికి ఆఫీసుకు చేరడం, తొమ్మిదింబావుకు చీఫ్ మేనేజరు హొగార్త్ గారి గదిలోకి వెళ్ళి ఒక కాగితం మీద సంతకం పెట్టించుకోవడం, తొమ్మిదిన్నరకల్లా బయటపడి వీధి మలుపులో వేడివేడి రొట్టె-కూర పొట్లం కొనుక్కుని తినడం. ఇంతకుమించి ఆ రోజు నుంచి అతనేమీ కోరలేదు. ఫిజీ రాజధాని సువాలో వాన కూడా అతని మీద దయతలచి తొమ్మిది దాకా ఆగింది.

త్రీ పామ్స్ ఇన్సూరెన్స్ కంపెనీ సువా శాఖలో ఎమోరి ట్రెయినీ. ఆరు నెలల ప్రొబేషన్ వచ్చే వారం శుక్రవారం సాయంత్రం ఐదింటికి అయిపోతుంది. ఆలోగా చీఫ్ సంతకం పడితే ఉద్యోగం ఖాయం. పడకపోతే ఎవరూ పొమ్మని చెప్పక్కర్లేదు, ఉద్యోగం దానంతటదే పోతుంది. పోతే పోయిందనుకోవడానికి వీల్లేదు. ఎందుకంటే కందావు దీవిలో ఉన్న వాళ్ళమ్మ ఆగలేక, మూడు నెలల కిందే 'మావాడికి పర్మనెంటు అయింది' అని పాస్టరు గారితో చెప్పేసింది. పాస్టరు గారు ఆదివారం ప్రార్థనలో పేరుపెట్టి మరీ దేవుడికి కృతజ్ఞతలు చెప్పేశారు. ఆ పూట ఊరంతా విందు కూడా తినేసింది. ఇప్పుడు ఉద్యోగం పోతే ఆ తల్లి చర్చి మెట్లు ఎక్కలేదు.

గదిలోకి వెళ్ళేసరికి హొగార్త్ గారు ఆక్లాండ్ హెడ్డాఫీసుతో ఫోన్లో కేకలు వేస్తున్నారు. ఆయన వచ్చి ఎనిమిది నెలలైంది. భారీ మనిషి, తలమీద ఒక్క వెంట్రుక లేదు. కూర్చోమన్నట్టు చెయ్యి ఊపి మళ్ళీ తుఫాను నివేదిక మీద పడ్డారు. ఎమోరి కాగితం పట్టుకుని ఆయన పక్కన వినయంగా నిలబడ్డాడు. సరిగ్గా అప్పుడు పైకప్పు నుంచి ఒక బల్లి జారి ఆయన నున్నటి నెత్తిమీద పడింది. బల్లి ఎక్కడ పడితే ఏం ఫలమో మన పంచాంగాల్లో పేజీలకు పేజీలు ఉంటుంది గానీ, అది చీఫ్ మేనేజరు నెత్తిన పడితే పక్కనున్న ట్రెయినీకి ఏమవుతుందో ఏ సిద్ధాంతీ రాయలేదు. ఎమోరి ఆలోచించలేదు. చెయ్యి చాచి, ఆ నెత్తిని చప్పున ఒక్క తుడుపు తుడిచేశాడు.

బల్లి కిటికీలోంచి పోయింది. చెయ్యి మాత్రం ఒక్క క్షణం అక్కడే ఉండిపోయింది. హొగార్త్ గారు ఫోన్లో మునిగి అసలు గమనించనే లేదు. కానీ ఎమోరికి గుండె జారిపోయింది. పెద్దవాళ్ళ తలమీదుగా చెయ్యి పోనిచ్చి అల్మరాలో పుస్తకం తీయాలన్నా ముందు క్షమాపణ చెప్పుకునే జాతి వాళ్ళది. అలాంటిది తన పై అధికారి తలని, అదీ అరిచేత్తో! వాళ్ళ తాతల కాలంలో ఇంతకన్నా చిన్న పనికి గదతో బుర్రలు పగిలాయి. కాగితం చంకలో పెట్టుకుని వెనక్కి తిరిగాడు. గుమ్మంలో టీ పళ్ళెంతో తరైవిని నిలబడి ఉంది.

తరైవిని ఆ ఆఫీసులో ఇరవై రెండేళ్ళుగా టీ ఇస్తోంది. ఆరుగురు చీఫులు వచ్చారు, పోయారు. ఆమె మాత్రం అక్కడే ఉంది.

"చూశాను" అంది.

"బల్లి పడింది పిన్నీ!"

"బల్లిని నేను చూళ్ళేదు. నీ చెయ్యి చూశాను."

"ఆయనకి తెలీనే తెలీదు. ఫోన్లో ఉన్నాడు."

"ఆయనకి తెలీకపోతే తప్పు కాకుండా పోతుందా? ఆ తలమీద చెయ్యిపెట్టిన నువ్వు, అదే మనిషి ముందుకెళ్ళి నేను మంచివాణ్ణి, సంతకం పెట్టండీ అంటావా? సిగ్గుండాలి. మీ మావయ్యకి కబురుపెట్టి బులుబులు చేయించు."

బులుబులు అంటే తప్పు చేసినవాడి తరఫున పెద్దలు తిమింగలం పన్ను పట్టుకెళ్ళి, అవతలివాళ్ళ ముందు నేలమీద కూర్చుని క్షమాపణ అడగడం. పన్ను అందుకుంటే క్షమించినట్టే. ఆ తర్వాత ఆ తప్పు ఊసు ఎవరూ ఎత్తకూడదు. ఎత్తితే చేసిందంతా రద్దయి, తప్పు మళ్ళీ మొదటికొస్తుంది.

"మావయ్య దాకా వద్దు పిన్నీ. నీకు దణ్ణం పెడతాను."

"సరేలే, చెప్పను" అంది తరైవిని. చెప్పలేదు కూడా. రేవులో టికెట్లిచ్చే తన చెల్లెలితో మాత్రం అంది. ఎమోరి మెట్లు దిగి రొట్టె పొట్లం విప్పేలోపు కబురు కందావు పడవ ఎక్కేసింది.

గురువారం పది గంటలకు హొగార్త్ గారు ఒక ఊరి పెద్దల కోసం ఎదురుచూస్తున్నారు. వాళ్ళు తమ సమావేశ మందిరానికి తుఫాను బీమా చేయిస్తామని ఉత్తరం రాశారు. పాపం వాళ్ళకి పడవ తప్పిపోయింది. వాళ్ళ బదులు సరిగ్గా పదింటికి ఎమోరి మేనమామ వాయిసాకె పదకొండుమందిని వెంటేసుకుని దిగాడు. అందరూ ఇస్త్రీ చేసిన నల్లటి సులూ లుంగీలు కట్టుకుని, నడుముకి చాపలు చుట్టుకుని, దంచి నీళ్ళలో కలిపి తాగే యంగోన వేళ్ళ కట్ట మోసుకుని వరసగా లోపలికి నడిచి చీఫ్ గదిలో నేలమీద కూర్చున్నారు. వాయిసాకె వాళ్ళ ఊళ్ళో పెద్దల తరఫున మాట్లాడే మనిషి. మొదలుపెట్టాడంటే వేటకెళ్ళిన పడవలు తిరిగొచ్చేదాకా ఆపడు.

"దత్ గారూ, వీళ్ళు ఒక్క బీమాకి ఇంత మర్యాద చేస్తారా!" అని హొగార్త్ గారు మురిసిపోయి, తనూ కుర్చీ దిగి కింద కూర్చున్నారు.

డిప్యూటీ మేనేజరు బిసున్ దత్ గారు అనువాదానికి పక్కన చేరారు. ఆయనకి ఇంట్లో హిందీ, బజార్లో ఫిజియన్. ఆ ఫిజియన్ చేమదుంపలు బేరమాడటానికి సరిపోతుంది గానీ, వాయిసాకె మాట్లాడే పెద్దల భాషకి ఏమూలకీ చాలదు. పైగా ఇలాంటి చోట తప్పు ఫలానా అని నోటితో చెప్పరు, చెప్పడం మర్యాద కాదు. వాయిసాకె సముద్రం గురించి, పూర్వీకుల గురించి, పిల్లల తెలివితక్కువతనం గురించి నలభై నిమిషాలు మాట్లాడి, కళ్ళు తుడుచుకుని, తాడు కట్టిన పసుపుపచ్చటి తిమింగలం పన్ను రెండు చేతులా ముందుకు చాచాడు.

"ఏమంటున్నారు?" అన్నారు హొగార్త్ గారు.

"మిమ్మల్ని చాలా గౌరవిస్తున్నామంటున్నారు సార్" అన్నారు దత్ గారు. అది ఎప్పుడన్నా తప్పు కాని మాట.

హొగార్త్ గారు పన్ను అందుకున్నారు. అందరూ అరచేతులు డొల్లగా చేసి డుబ్ డుబ్‌మని చప్పట్లు కొట్టారు. కొబ్బరిచిప్పలో యంగోన వచ్చింది. ఆయన గుటకలు మింగి తాగేశారు. మూలన తలొంచుకు కూర్చున్న ఎమోరికి రెండు రోజుల తర్వాత మొదటిసారి ఊపిరాడింది. వాయిసాకె హొగార్త్ గారిని కౌగలించుకుని, మేనల్లుడి వీపు మీద ఒక్కటిచ్చి, పరివారంతో పన్నెండింటి పడవకి వెళ్ళిపోయాడు.

"అదేమిటి, బీమా సంగతి ఎత్తకుండానే వెళ్ళిపోయారు?" అన్నారు హొగార్త్ గారు.

దత్ గారు తరైవినిని అడిగి తెలుసుకున్నంతలో నీళ్ళు నములుతూ చెప్పారు. "బీమా కోసం కాదట సార్. ఏదో పెద్ద తప్పు జరిగిందట. మీరు క్షమించేశారట."

"నేను దేన్ని క్షమించాను?"

"అది వాళ్ళు చెప్పలేదు సార్. మీరూ అడగలేదు."

ఎమోరి ఇదే సమయమని కాగితం తెచ్చి ముందు పెట్టాడు. హొగార్త్ గారు కలం మూత తీశారు, ఆగిపోయారు.

"ఎమోరీ, ఆ తప్పు చేసింది నువ్వా?"

"అవును సార్."

"ఏం చేశావు?"

"చెప్పకూడదు సార్. మీరు క్షమించేశారు."

"అందుకేగా అడుగుతున్నాను!"

"అందుకే చెప్పకూడదు సార్."

"చూడు బాబూ, నువ్వేం చేశావో తెలీకుండా నీ ప్రవర్తన బాగుందని నేనెలా రాయను?"

మాట న్యాయమే. అదే ఎమోరికి ఏడుపొచ్చేలా చేసింది. చెబితే మావయ్య చేసింది మట్టిలో కలుస్తుంది, ఊరు ఊరంతా తలకొట్టేసినట్టవుతుంది. చెప్పకపోతే సంతకం లేదు. హొగార్త్ గారు తరైవినిని పిలిచి అడిగారు. ఆమె కప్పులో చెంచా తిప్పుతూ కిటికీ వైపు చూసి "వాన గట్టిగానే వచ్చేలా ఉంది సార్" అంది.

హొగార్త్ గారికి అన్నం సయించలేదు. ఈ ఎనిమిది నెలల్లో బస్సుల డిపో ఒకటి కాలి బూడిదైతే, దానికి ఒక్క వకీలు ఉత్తరం వచ్చింది. ఇక్కడ పన్నెండుమంది సముద్రం దాటొచ్చి నేలమీద కూర్చున్నారంటే ఈ కుర్రవాడు అగ్నిప్రమాదం కన్నా పెద్దదేదో చేసి ఉండాలి. అందుకని శుక్రవారం పొద్దున్నే ఒక హుకుం జారీచేశారు. గత ఆరు నెలల్లో ఎమోరి చెయ్యి పడిన ప్రతి ఫైలూ సమావేశాల గదిలోకి రావాలి. ట్రెయినీకి ఇచ్చే పని ఫైళ్ళు సర్దడమే కాబట్టి, ఆ ఆఫీసులో ఎమోరి చెయ్యి పడని ఫైలు లేదు. పదకొండు వందల ఫైళ్ళు గదిలో గుట్టలు పడ్డాయి.

క్లెయిముల సూపర్‌వైజరు కితియోని ఆ గది పక్కనుంచి పోతూ లోపలికి తొంగిచూశాడు. మొదటి గుట్టమీద, అన్నిటికన్నా పైన, తన బావమరిది ఇంటి ఫైలు కనిపించింది. తుఫానుకి కప్పు ఎగిరిపోయిందని క్లెయిము మంజూరు చేసింది తనే. ఆ కప్పు రేకులు తుఫానుకి రెండు వారాల ముందే కొత్త వంటిల్లు కోసం విప్పించిందీ తనే. కితియోనికి చెమటలు పట్టాయి. వరండాలో ఎమోరిని పట్టుకున్నాడు.

"ఏరా, నిజం చెప్పు. ఇదంతా దాని గురించేనా?"

ఎమోరి తల దించుకున్నాడు. "నీకూ తెలిసిపోయిందా అన్నా?"

"నాకు తెలియడమేంట్రా! ఇంకెవరికి తెలుసు?"

"పిన్నికి తెలుసు. మా మావయ్యకి తెలుసు. మా ఊరందరికీ తెలుసు."

"మీ ఊరిక్కూడానా! మరి హొగార్త్‌కి?"

"తెలీదు. తెలుసుకోవాలని ఇవన్నీ వెతికిస్తున్నాడు."

"ఒక్క పొరపాటురా ఎమోరీ. ఒక్కసారి చెయ్యి జారింది."

"నాకూ అంతే అన్నా" అన్నాడు ఎమోరి, అంత ఓదార్పు మాట ఎవరూ అనలేదని కళ్ళనీళ్ళు పెట్టుకుంటూ.

మధ్యాహ్నానికల్లా కితియోని రాజీనామా హొగార్త్ గారి బల్లమీద ఉంది. ఆరోగ్యరీత్యా సొంత ఊరికి పోయి కర్రపెండలం నాటుకోవాలని ఉందని అందులో రాశాడు. వెళ్ళేముందు మనసు ఆగక రేకుల సంగతి కూడా ఒప్పేసుకున్నాడు. హొగార్త్ గారు నిర్ఘాంతపోయారు. తను వెతికింది ఇది కాదు, దొరికింది మాత్రం ఇది. ఇక క్లెయిములు ఎవరు చూడాలి? గుట్టలుపడిన ఆ పదకొండు వందల్లో ఏ ఫైలు ఎక్కడుందో తెలిసినవాడు ఒక్కడే.

"ఎమోరీ, ఇవాళ్టి నుంచి క్లెయిముల సూపర్‌వైజరు పని నువ్వు చూసుకో."

"సార్, మరి నా కాగితం..."

"అది ట్రెయినీలకయ్యా. నువ్విప్పుడు సూపర్‌వైజరువి. తర్వాత చూద్దాం."

ఈ కబురు మళ్ళీ రేవు మీదుగా కందావు చేరింది. వాయిసాకె తొడ చరిచాడు. "క్షమించి ఊరుకోలేదు చూశారా, పెద్ద పీట వేసి కూర్చోబెట్టాడు! ఇంత పెద్దమనిషికి బదులు మర్యాద చెయ్యకపోతే మనం మనుషులమేనా?" సోమవారం పడవకి పాతికమంది, చేమదుంపల మోపులు, బతికున్న పంది ఒకటి వచ్చాయి. పంది ఆఫీసు ముందుగదిలో వదులైపోయి, గోడకున్న కంపెనీ క్యాలెండరు ఆగస్టు దాకా నమిలేసింది.

"మళ్ళీనా?" హొగార్త్ గారు లేచి నిలబడ్డారు. "ఇంకేం చేశాడు వీడు? దత్ గారూ, ఈసారి ఒక్క మాట కూడా వదలకుండా చెప్పాలి మీరు."

ఆ సోమవారం సముద్రం అల్లకల్లోలంగా ఉండి, అందరూ వాంతులు చేసుకుంటూ వచ్చారు. వాయిసాకె ఉపన్యాసమంతా ఆ ప్రయాణం మీదే నడిచింది. దత్ గారి చెవికి అందిన మాటలు రెండే, పడవ అనీ, మునగడం అనీ. అవి మళ్ళీ మళ్ళీ వస్తున్నాయి. దత్ గారి మొహం పాలిపోయింది. ఆయనకి సముద్రం అంటే పడదు, అల చూస్తేనే కడుపులో తిప్పుతుంది. పదకొండేళ్ళుగా దూరదీవుల పడవలన్నిటినీ ఆయన సువా రేవులో బల్లమీద కూర్చుని, వేరుశనక్కాయలు తింటూ తనిఖీ చేస్తున్నారు. 'ఎక్కి చూశాను, దృఢంగా ఉంది' అని రాసిన పడవల్లో ఒకటి, ఆయన రాసేనాటికే మునిగి మూడేళ్ళయింది.

"పడవల గురించి ఏదో అంటున్నారు సార్" అన్నారు.

"పడవలా? అయితే రేపు పడవల ఫైళ్ళన్నీ తెరవండి!"

"అక్కర్లేదు సార్" అంటూ దత్ గారు అక్కడికక్కడే చాపమీద కూలబడ్డారు. "తెరవక్కర్లేదు. నేనే చెప్పేస్తాను."

వాయిసాకెకి ఈయనెందుకు ఏడుస్తున్నాడో అర్థం కాలేదు గానీ, తన మాటలకి కరిగిపోయాడనుకుని కొబ్బరిచిప్పెడు యంగోన అదనంగా ఇప్పించాడు. మంగళవారం దత్ గారు పెందరాళే పదవీవిరమణ పుచ్చుకుని లౌతోకాలో కూతురింటికి బస్సెక్కారు. బస్సు దారి కాబట్టి ప్రయాణం సుఖంగానే జరిగిందట. హొగార్త్ గారు రెండు ఖాళీ కుర్చీల మధ్య నిలబడి చుట్టూ చూశారు. మిగిలినవాళ్ళలో సూపర్‌వైజరు హోదా ఉన్నది ఎమోరికే.

"నువ్వు డిప్యూటీ మేనేజరువి" అన్నారు, మనిషి అలిసిపోయి.

"సార్, శుక్రవారం ఐదింటికి నా..."

"దయచేసి ఇప్పుడేమీ అడక్కు ఎమోరీ. నేనూ నిన్నేమీ అడగను."

డిప్యూటీ మేనేజరు పదవంటే ఇక మాటలా! గురువారం సాక్షాత్తూ ఊరి దొరే కదిలివచ్చాడు. రెండు పడవల జనం, నాలుగు చాపల కట్టలు, పాటలు పాడే ఆడవాళ్ళు. వాళ్ళ ముందు ఎమోరి తల్లి. ఆమె హొగార్త్ గారి మెడలో పూలదండ వేసి, ఆయన చేతులు పట్టుకుని, భోరున ఏడ్చింది. ఎందుకో తెలియకపోయినా హొగార్త్ గారికీ కళ్ళు చెమర్చాయి. రోడ్డున పోతున్న పత్రికవాడొకడు పాటలు విని లోపలికొచ్చి ఫోటో తీశాడు. దండ వేసుకుని, తిమింగలం పన్ను పట్టుకుని చాపలమీద కూర్చున్న బీమా కంపెనీ చీఫ్ బొమ్మ ఆ సాయంత్రానికే ఆక్లాండ్ చేరింది. హెడ్డాఫీసు డైరెక్టరు మిసెస్ వాటర్‌స్టన్ ఫోన్ చేసింది.

"ఆ పన్ను దేనికిచ్చారు మీకు?"

"క్షమాపణకి."

"ఎవరు ఎవరికి చెప్పారు?"

"వాళ్ళు నాకు."

"దేనికి?"

"తెలీదు."

"ఇంకో రెండుసార్లు కూడా వచ్చారట?"

"ఆ రెండూ కృతజ్ఞతలనుకుంటాను. దేనికో అదీ తెలీదు."

"మీ అధికారులిద్దరూ ఎందుకు వెళ్ళిపోయారు?"

"నాకు తెలిసిపోయిందనుకుని."

"ఏం తెలిసింది మీకు?"

"ఏమీ తెలీలేదు మేడమ్. వాళ్ళు చెప్పాక తెలిసింది. కానీ నేను తెలుసుకోవాలనుకున్నది అది కాదు."

తన ఆఫీసులో ఏం జరుగుతోందో తనకే తెలియని మనిషిని చీఫుగా ఉంచడం కుదరదనీ, మర్నాడు మధ్యాహ్నం విమానానికి వచ్చెయ్యాలనీ, ఆయన తర్వాతి అధికారికి బాధ్యతలు అప్పగించాలనీ ఆమె చెప్పింది. తర్వాతి అధికారి పేరు అడిగి రాసుకుంది కూడా.

శుక్రవారం పొద్దున హొగార్త్ గారు పెట్టె సర్దుకుంటుంటే ఎమోరి గుమ్మంలో నిలబడి చూడలేకపోయాడు. ఒక వెధవ బల్లి! దాని మూలంగా ఒక మంచి మనిషి పరువు పోగొట్టుకుని వెళ్ళిపోతున్నాడు. ఊరు ఏమైపోనీ, మావయ్య కర్ర తీసుకోనీ, చెప్పేద్దామనుకున్నాడు.

"సార్, ఆ మంగళవారం పొద్దున మీరు ఫోన్లో ఉన్నప్పుడు..."

వెనకాల తరైవిని పెద్దగా దగ్గింది. హొగార్త్ గారు చెయ్యెత్తి ఆపేశారు.

"వద్దు ఎమోరీ. ముప్పైయేళ్ళుగా జనాల్ని అనుమానించడమే నా ఉద్యోగం. కాలిన ఇల్లు చూస్తే ఎవడు అంటించాడని చూస్తాను. అలాంటివాడి చేతులు పట్టుకుని మీ అమ్మ ఏడ్చింది. ఇంతవరకూ ఎవరూ నాకోసం ఏడవలేదు. అదెందుకో తెలిస్తే నాకు ఆ కాస్తా పోతుందేమో. తెలీకుండానే ఉండనీ." పన్ను ఎమోరి చేతిలో పెట్టారు. "ఇది దేశం దాటించకూడదట. నువ్వే ఉంచు."

ఎమోరి చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. ఏడుపులోనే పెట్టె మోశాడు, టాక్సీ తలుపు తీశాడు, హొగార్త్ గారిని ఎక్కించాడు. టాక్సీ కదిలి వీధి మలుపు తిరిగాక జేబులో కాగితం గుచ్చుకుంది. సంతకం! వానలో సులూ ఎగ్గట్టుకుని, కాగితం గాల్లో ఊపుతూ "సార్, సార్" అని పరిగెత్తాడు. హొగార్త్ గారు వెనక అద్దంలోంచి చూసి, ఇంత ప్రేమా అనుకుని, కనుమరుగయ్యేదాకా చెయ్యి ఊపుతూనే ఉన్నారు.

సాయంత్రం నాలుగైంది. తడిసిన కాగితం చీఫ్ బల్లమీద ఆరుతోంది. దాని ముందు, చీఫ్ కుర్చీ అంచున ఎమోరి కూర్చున్నాడు. కింద చిన్న అక్షరాల్లో రెండు నిబంధనలున్నాయి. ఉద్యోగం ఖాయం చేసే సంతకం శాఖ చీఫ్ పెట్టాలి. ఎవరి ఉద్యోగాన్ని వాళ్ళే ఖాయం చేసుకోకూడదు. ఎమోరి రెండూ మూడేసి సార్లు చదివి ఆక్లాండ్‌కి ఫోన్ చేశాడు.

"ట్రెయినీల సంగతి హెడ్డాఫీసు చూడదు" అంది మిసెస్ వాటర్‌స్టన్. "అది మీ చీఫ్ పని. ఆయన్నడగండి."

"నేనే మేడమ్ చీఫుని."

"మరింకేం? సంతకం పెట్టెయ్యండి."

"ఆ ట్రెయినీ కూడా నేనే మేడమ్. ఐదింటికి నా ఉద్యోగం పోతుంది."

"ఒక్క నిమిషం. మిమ్మల్ని చీఫుగా వేసింది ఎవరు?"

"మీరే మేడమ్, నిన్న."

ఆమె ఏదో అనబోయింది. హొగార్త్ గారి వ్యవహారం ఫైలు కట్టించి ఆమె అప్పటికి గంట కూడా కాలేదు. ట్రెయినీని చీఫుగా వేశానని ఇప్పుడు ఇంకో ఫైలు తెరవాలా? "ఈ సంగతి నాకు చెప్పారని ఎక్కడా రాయకండి" అని మెల్లగా ఫోన్ పెట్టేసింది.

గోడమీద గడియారం ఐదుకి ఇరవై తక్కువ చూపిస్తోంది. ఎమోరికి వాళ్ళమ్మ చర్చి మెట్ల కింద నిలబడి ఉన్నట్టు కనిపించింది. ఊరి జనం ఇంకా సువాలోనే ఉన్నారు, ఆరింటి పడవకి ఆమెతో కలిసి పాడుకుంటూ వెళ్ళబోతున్నారు. ఐదింటికి వాళ్ళ చీఫ్ మేనేజరు ఏ ఉద్యోగమూ లేనివాడైపోతాడు. తరైవిని టీ తెచ్చి బల్లమీద పెట్టి, కాగితం తిప్పి చూసింది.

"వెనకాల ఇంకో గడి ఉందిగా. ప్రొబేషన్ ఇంకో ఆరు నెలలు పొడిగించడానికట."

"దానికీ చీఫ్ సంతకమే కావాలి పిన్నీ."

"పెట్టు. ఎవరి ఉద్యోగం వాళ్ళు ఖాయం చేసుకోకూడదన్నారు. ఎవరి ప్రొబేషన్ వాళ్ళు పొడిగించుకోకూడదని ఎక్కడుంది? ఎవడన్నా కావాలని పొడిగించుకుంటాడని ఆ రాసినవాడికి తట్టుంటే కదా!"

ఎమోరి ముందుకీ వెనక్కీ తిప్పి చదివాడు. నిజమే, ఎక్కడా లేదు. ఐదుకి ఎనిమిది నిమిషాలుందనగా సంతకం పెట్టాడు. 'కారణం' అన్న గడి ఒకటి మిగిలింది. బాగా ఆలోచించి, 'అభ్యర్థి ప్రవర్తనను మరికొంతకాలం దగ్గరుండి గమనించవలసి ఉంది' అని రాశాడు.

ఇదంతా జరిగి పంతొమ్మిదేళ్ళయింది. సువా తర్వాత అపియా, నుకుఅలోఫా, హొనియారా శాఖలు కూడా ఎమోరి కిందికే వచ్చాయి. ఆయన పుణ్యమా అని ఆ దీవుల్లో ఎక్కని పడవకి తనిఖీ రిపోర్టూ లేదు, ఎగరని కప్పుకి క్లెయిమూ లేదు. మొత్తం పసిఫిక్‌కే ఆయన చీఫ్. వాళ్ళమ్మ ఆదివారాలు చర్చిలో ముందు వరసలో కూర్చుని తన కొడుకుది పర్మనెంటు ఉద్యోగమని ఇప్పటికీ చెబుతుంది. మొన్ననే ఆయన ముప్పై తొమ్మిదో పొడిగింపు మీద సంతకం పెట్టాడు. ప్రవర్తన విషయంలో మాత్రం ఇంకా ఒక అభిప్రాయానికి రాలేకపోతున్నాడట.